గాలిలో వచ్చేదానికి చందా

ఐలయ్య గురించి నాలుగు మంచి మాటలు చెప్పమంటే నేను కాసేపు ఆలోచించుకోవాలి. చెడు చెప్పమంటే ఆ అవసరం లేదు. ఆయన కారు నా షాపు మెట్లకు అడ్డంగా నిలబడి ఉంటుంది కాబట్టి కావలసినంత సరుకు కళ్ళెదుటే దొరుకుతుంది.

శంషాబాద్‌లో హైవే మీది నుంచి లోపలికి తిరిగే హోటళ్ళ గల్లీలో నాది జిరాక్స్, రీచార్జి షాపు. బోర్డు మీద సుమలత జిరాక్స్ అని నా పేరే ఉంటుంది. నా షాపు ముందు నుంచి గల్లీ మొగదాకా కార్ల స్టాండు. పాస్‌పోర్టు కాపీ తీయించుకోవడానికి వచ్చేవాళ్ళు బంపర్లకూ డిక్కీలకూ మధ్య ఒంటిపక్కగా దూరి రావాలి. కాస్త ఒళ్ళున్నవాళ్ళు దూరలేక అవతలి షాపుకు పోతారు. ఇన్నేళ్ళలో అలా ఎంత బేరం పోయిందో లెక్క వేసుకుంటే నిద్ర పట్టదని వేసుకోవడం మానేశాను.

స్టాండు పద్ధతి ఇది. హోటళ్ళలో దిగినవాళ్ళు, గోదాముల్లో పని మీద వచ్చినవాళ్ళు కారు కావాలంటే గల్లీ మొగలో ఉన్న మొదటి కారు ఎక్కాలి. పొద్దున ఎవడు ముందొస్తే వాడి కారు ముందు. ముందున్నవాడు కిరాయికి పోతే వెనకవాళ్ళు ఒక్కో కారు జరుగుతారు. పోయినవాడు తిరిగొచ్చి తోకలో కలుస్తాడు. దీన్నే వాళ్ళు నంబరు అంటారు. నంబరు కోసం అన్నదమ్ములు కూడా కాలర్లు పట్టుకున్నారు. లైన్‌లో మోసం చేసినవాడికి లైన్ ఉండదని స్టాండు పుట్టిననాడే కట్టుబాటు చేసుకున్నారు.

ఐలయ్య ఎప్పుడూ తోకలోనే ఉండేవాడు. తోక ఉండేది నా మెట్ల దగ్గర. ఆయన భార్య రాములమ్మ ఒక హోటల్‌లో గదులు తుడిచే పనికి పోతుంది. ఆమెను దించి వచ్చేసరికి మిగతా కార్లన్నీ వచ్చి ఉండేవి. అరవై దాటిన మనిషి, కొత్వాల్‌గూడలో ఇల్లు. ఎయిర్‌పోర్టు కట్టేటప్పుడు ఆయన సాగు చేసుకునే చెలక అందులో పోయింది. వచ్చిన డబ్బుల్లో అప్పులకు పోగా మిగిలింది పెట్టి ఈ తెల్ల కారు కొన్నాడు. కారు ఇప్పుడు ఎంత పాతదంటే ఫోన్లో బుక్ చేసుకునే కంపెనీలేవీ దాన్ని దగ్గరికి రానివ్వవు. ఈ స్టాండులో నంబరు లేకపోతే ఆ కారు ఇనుప సామానుకు తప్ప పనికిరాదు, ఐలయ్య కూడా అంతే. ఈ సంగతి ఆయనకూ తెలుసు, స్టాండులో అందరికీ తెలుసు.

ఊరికే వస్తే ఫినాయిల్ అయినా తాగే మనిషి. తాగే నీళ్ళు హోటల్‌లో పట్టుకునేవాడు. పేపరు హోటల్ రిసెప్షన్‌లో పక్కన పడేసిన నిన్నటిది. జనవరి వస్తే నా దగ్గర రెండు క్యాలెండర్లు. విమానంలో ఇచ్చిన ఇయర్‌ఫోన్లు ప్యాసింజర్లు కారులో మరిచిపోతే వాటిని డ్యాష్‌బోర్డు అరలో దాచేవాడు. వాటితో ఏం చేసుకుంటావని అడిగితే ఏదో ఒక రోజు అక్కరకొస్తాయనేవాడు.

ఇక ఆ రేడియో. నల్లటి పెట్టె, హ్యాండిల్ విరిగితే సుతిలి తాడు కట్టాడు. చెలకలో నీళ్ళు పెట్టే రోజుల్లో దాన్ని మోటరు డబ్బాకు తగిలించి క్రికెట్ కామెంటరీ వినేవాడట. ఇప్పుడు కారు బానెట్ మీద పెట్టుకుని అదే కామెంటరీ వినేవాడు. కాసేపు హిందీ, కాసేపు ఇంగ్లిష్. ఇంగ్లిష్ ఒక్క ముక్క రాదు, కానీ స్కోరు అర్థమైతే చాలనేవాడు. కొనక తప్పనివి రేడియో సెల్లులు ఒక్కటే. అవి కూడా అయిపోయాక ఎండలో ఆరబెట్టి ఇంకో రెండు మ్యాచులు లాగించేవాడు. నెత్తి మీద నుంచి విమానం దిగినప్పుడల్లా కామెంటరీ వినబడదు. అప్పుడు తలెత్తి, మా చెలకల దిగుతున్నవ్ గద, జర సప్పుడు తక్కువ చెయ్యి అని విమానాన్ని తిట్టేవాడు. రోజుకు ఎన్ని విమానాలో అన్ని తిట్లు. ఆ గరగర, ఆ మోత, ఆ తిట్లు, వీటి మధ్య కూర్చుని నేను ఆధార్ కార్డులు లామినేషన్ చేసేదాన్ని. క్రికెట్ అంటే నాకు ఒళ్ళుమంట, ఆ మంట సగం ఐలయ్య పెట్టిందే.

వింటున్నప్పుడు నోరు మెదపడు. మనవాళ్ళు ఫోరో సిక్సో కొడితే అరచేత్తో బానెట్ మీద ఒక్కటి చరుస్తాడు. మనవాళ్ళ వికెట్ పడితే భుజం మీది తువ్వాల తీసి, దుమ్ము ఉన్నా లేకపోయినా, గట్టిగా దులిపి మళ్ళీ వేసుకుంటాడు. ఈ రెండే. నేను షాపు పెట్టినప్పటి నుంచీ అంతే.

గొడవ మల్లేశ్వర్ చందాతో మొదలైంది. మల్లేశ్వర్ స్టాండు సంఘానికి అధ్యక్షుడు, రావిర్యాల మనిషి. కారు నడపడం కంటే ప్లాట్లు అమ్మించడం మీద ధ్యాస ఎక్కువ. మెడలో గొలుసు, నోట్లో తీపి. మ్యాచులు ఫోన్లో చూడాలంటే డబ్బు కట్టాలి, తలా ఇంత వేసుకుంటే అందరం కలిసి చూడొచ్చని ఆయనే ఆలోచన చేశాడు. అందరూ ఒప్పుకున్నారు. పెద్ద ఫోన్ మల్లేశ్వర్‌ది. దాన్ని నా కౌంటర్ మీద పెట్టారు. కరెంటు నాది, వైఫై నాది. నన్ను ఎవరూ అడగలేదు. చందా కట్టామని ఛాతీ విరుచుకునే వీళ్ళందరూ నా నెట్ ఊరికే వాడుకున్నవాళ్ళే అని గుర్తుంచుకోవాలి.

ఐలయ్య ఒక్కడే చందా ఇవ్వనన్నాడు. మల్లేశ్వర్ మొదట నవ్వుతూ అడిగాడు, తర్వాత నవ్వకుండా అడిగాడు. అందరూ వింటుండగా ఐలయ్య అన్న మాట ఇది:

“భూమి ఇచ్చిన. గాలి గూడ ఇయ్యాల్నా? గాలిల వచ్చేదానికి చందా ఏంది మల్లేశా?”

మల్లేశ్వర్ మొహం మాడింది. పిసినారి పీనుగ అన్నాడు కానీ మెల్లగా అన్నాడు. ఆ రోజు నుంచి కౌంటర్ దగ్గర పదిమంది, మూడడుగుల దూరంలో బానెట్ దగ్గర ఐలయ్య ఒక్కడు. ఒకే మ్యాచ్, రెండు గుంపులు. మధ్యలో నేను.

చూడటంతో ఊరుకుంటే వాళ్ళు డ్రైవర్లు ఎందుకవుతారు? నంబరు పందెం మొదలుపెట్టారు. ఈ బంతికి బౌండరీ వస్తుందని ఒకడు, రాదని ఇంకొకడు. ఓడినవాడు లైన్‌లో తన చోటు గెలిచినవాడికి ఇచ్చి వాడి చోటుకు పోవాలి. పొద్దున నాలుగింటికి లేచి వచ్చి ముందు నిలబడ్డవాడు ఒక్క బంతితో తోకకు వచ్చిన రోజులున్నాయి. బుద్ధి గడ్డి తినడమంటే ఇదే.

ఇక్కడే వాళ్ళు ఒక సంగతి మరిచిపోయారు. మరిచిపోవడం కాదు, వాళ్ళ బుర్రకు తట్టనే లేదు. ఫోన్లో వచ్చే బొమ్మ ఎక్కడెక్కడో తిరిగి ఆలస్యంగా వస్తుంది. రేడియో అలా కాదు. ఐలయ్య బానెట్ చరిచాక, మనం చొక్కా గుండీలు పెట్టుకునేంత సేపటికి ఫోన్లో ఆ ఫోర్ పడేది. మూడడుగుల దూరంలో రోజూ జరుగుతున్నా ఎవరూ పట్టించుకోలేదు. తమ అరుపుల్లో ఆ గరగర వాళ్ళకు వినబడేది కాదు. ఒక్కడు మాత్రం పసిగట్టాడు.

వాడి పేరు లక్ష్మణ్. ఇద్దరు పిల్లల తండ్రి, మాటకారి, మనిషి కంటే కళ్ళు చురుకు. వాడు ఫోన్‌కు వీపు పెట్టి నిలబడటం నేను గమనించాను. మొహం ఐలయ్య వైపు. ఐలయ్య చెయ్యి బానెట్ మీద పడగానే వెనక్కి తిరిగి, ఈ బంతికి బౌండరీ, ఎవడొస్తడో రండ్రి అనేవాడు. వాడు గెలవని రోజు లేదు. ఐలయ్య తన మానాన తాను వింటున్నాడు. లక్ష్మణ్ వైపు కన్నెత్తి కూడా చూసింది లేదు. నేను చెప్పొచ్చు కదా అంటారేమో. నా షాపు మెట్లు మూసేసిన గుంపులో ఒకణ్ణి ఒకడు ముంచుకుంటుంటే అడ్డం పడటానికి నాకేం పట్టింది?

ఒకరోజు లైన్‌లో మొదటి కారు మల్లేశ్వర్‌ది. హోటల్ నుంచి శ్రీశైలం కిరాయి ఖాయమైందని, పెద్దమనుషులు టిఫిన్ చేసి కిందికి దిగుతారని అప్పుడే కబురు వచ్చింది. ఆ కాస్త వ్యవధిలో మల్లేశ్వర్ లక్ష్మణ్‌తో పందెం వేసి ఓడిపోయాడు. శ్రీశైలం కిరాయికి లక్ష్మణ్ పోయాడు. మల్లేశ్వర్ తోకలో, అంటే ఐలయ్య కారు పక్కన, వచ్చి కూర్చున్నాడు. కూర్చున్నవాడికి పనేం లేదు కాబట్టి ఐలయ్యనే చూశాడు. బానెట్ మీద దెబ్బ పడింది. కాసేపటికి నా కౌంటర్ దగ్గర పదిమంది ఫోర్ అని అరిచారు. మళ్ళీ దెబ్బ, మళ్ళీ అరుపు. తువ్వాల దులిపాడు, కాసేపటికి అందరూ అయ్యో అన్నారు. మల్లేశ్వర్ లేచి నిలబడ్డాడు. మొహం ఇటుక రంగుకు తిరిగింది.

మర్నాడు పొద్దున నా షాపు ముందే పంచాయితీ. లక్ష్మణ్ దాచలేదు. నా కండ్లు నేను మూసుకోవాల్నా అన్నాడు, అందరికీ బిర్యానీ పెట్టిస్తానన్నాడు. వాడు చందా కట్టినవాడు, పైగా నలుగురిలో కలిసి తిరిగేవాడు. తిట్టి వదిలేశారు. మిగిలింది ఐలయ్య. ఈ ఇద్దరూ కలిసి చేశారని మల్లేశ్వర్ పట్టు. ఇంకో అనుమానం కూడా పెట్టాడు. గ్రౌండ్ నుంచి ఎవడో బుకీ ఐలయ్యకు ఫోన్‌లో ముందే చెబుతున్నాడట. ఐలయ్య దగ్గరున్నది బటన్ల ఫోన్, దానికి రాములమ్మ తప్ప ఇంకెవరూ చెయ్యరు.

“పైసలు కట్టినదానికంటే ఫుకట్‌ది ముందెట్ల వస్తది? జర మీరే చెప్పుండ్రి,” అన్నాడు మల్లేశ్వర్.

పదిమందీ తలలూపారు. ఆ తర్కం వాళ్ళకు నచ్చింది. డబ్బు కట్టి కొన్నది వెనకబడుతుందని ఒప్పుకోవాలంటే ఎవడికైనా కష్టమే. నేను కౌంటర్ లోపలి నుంచి చెప్పి చూశాను, ఫోన్‌లో వచ్చేది చుట్టూ తిరిగి వస్తుందని, అది అన్నిచోట్లా ఉన్నదేనని. ఎవరూ వినలేదు. మల్లేశ్వర్ నన్ను ఒక్కటే అడిగాడు, బానెట్ కొట్టిండా లేదా అని.

“కొట్టిండు,” అన్నాను. “నేను షాపు పెట్టినకాడి నుంచి కొడుతున్నడు. లక్ష్మణ్ మొహం ఎట్లుంటదో గూడ ఆయన చూడలే. పిసినారే, నా మెట్లు మూసినోడే, గని దొంగ కాదు.”

ఐలయ్య నా వైపు చూశాడు. దండం పెడతాడనుకుంటే పొరపాటు. పిసినారి అన్నందుకు చూశాడు.

అప్పుడు మల్లేశ్వర్ తన పెద్దరికం చూపించాడు. పోనీ పెద్దమనిషివి, నంబరు తీసెయ్యం, రేడియో ఇంట్లో పెట్టి రా, లేదంటే చెవుల్లో వైరు పెట్టుకుని వినుకో అన్నాడు. అడిగింది పెద్ద విషయమేమీ కాదు. డ్యాష్‌బోర్డు అరలో అరడజను ఇయర్‌ఫోన్లున్నాయి. ఒకటి తీసి పెట్టుకుంటే అక్కడికి అయిపోయేది. నంబరు, తిండి, రాములమ్మ నిమ్మళం అన్నీ ఆ ఒక్క వైరు మీద ఉన్నాయి.

“దొంగసొమ్మైతే చెవుల దాసుకొని వింట. నేనేం దొంగతనం చేసిన?” అన్నాడు ఐలయ్య. “సర్కారు అందరికి ఇస్తున్నది. అందరి ముందటనే వింట.”

నంబరు తీసేశారు. ఎవరూ అడ్డు చెప్పలేదు. మోసం చేసినవాడు బిర్యానీ పెట్టించి లైన్‌లోనే ఉన్నాడు. వినడం తప్ప ఏమీ చెయ్యనివాడు బయటికి పోయాడు. వాళ్ళ మొహాల మీద షట్టర్ దించాలనిపించింది. పొద్దున పూట బేరం పోతుందని ఊరుకున్నాను.

ఐలయ్య ఇంటికి పోతాడనుకున్నాం. పోలేదు. కారు తీసి రోడ్డు దాటించి ఎదురుగా పెట్టాడు. అక్కడ మల్లేశ్వర్ అమ్మకానికి పెట్టిన ఖాళీ జాగా, దానికో బోర్డు. ప్లాట్లు అమ్మబడును అన్న అక్షరాలు వదిలేసి, కింద మల్లేశ్వర్ ఫోన్ నంబర్ మాత్రం కనబడకుండా కారు సరిగ్గా ఆనించి నిలిపాడు. తర్వాత రేడియో బానెట్ మీద పెట్టి గొంతు పూర్తిగా పెంచాడు. అంత చిన్న పెట్టెలో అంత గొంతు ఉందని నాకూ అప్పుడే తెలిసింది.

ఇన్నాళ్ళూ తమ గోలలో వినబడని రేడియో ఇప్పుడు రోడ్డు అవతల నుంచి అందరికీ వినబడసాగింది. ఫోన్‌లో బౌలర్ పరుగు మొదలుపెట్టకముందే అవతల కామెంటరీ వాడు వికెట్ అని కేకపెట్టేవాడు. డబ్బు కట్టి కొనుక్కున్న మ్యాచ్ చద్దికూడు అయిపోయింది. పందేలు ఆగిపోయాయి. వీళ్ళు ఫోన్ గొంతు పెంచితే ఐలయ్య రేడియోను కారు టాపు మీదికి ఎక్కించేవాడు. మల్లేశ్వర్ ఒకసారి పోయి కారు తియ్యమన్నాడు. స్టాండు నీది, రోడ్డు ఎవనిదని ఐలయ్య అడిగాడు. మల్లేశ్వర్ తిరిగొచ్చి నా మీద అరిచాడు.

నా మెట్లు ఖాళీ అయ్యాయని సంబరపడ్డాను కానీ ఆ సంబరం కూడా రెండు రోజులే. ఆ చోటుకు ఇంకో కారు వచ్చింది.

ఐలయ్య పగ తీర్చుకుంటున్నాడు కానీ కిరాయి మాత్రం లేదు. లైన్‌లో లేని కారును ఎవరూ ఎక్కరు, ఎక్కబోయినా స్టాండువాళ్ళు పోనివ్వరు. కారు అక్కడే దుమ్ము పట్టింది. పెట్రోలు దండగని ఇంటికి కూడా తీసుకుపోవడం మానేశాడు. రేడియో చంకలో పెట్టుకుని ఆటోలకు చెయ్యెత్తుతూ వచ్చి పోయేవాడు. చెంపలు లోపలికి పోయాయి. తువ్వాల కూడా మాసింది. అయినా మ్యాచ్ ఉన్న రోజు ఆయన రాక తప్పదు, ఆ గొంతు తగ్గదు.

ఒకరోజు రాములమ్మ హోటల్ పని దిగి, సద్ది గిన్నె పట్టుకుని నా షాపుకు వచ్చింది. మల్లేశ్వర్‌కు నువ్వు చెబితే వింటాడు బిడ్డా అంది. నేను చెబితే కుక్క కూడా వినదన్నాను. ఆమె మెట్టు మీద కూర్చుంది.

“నా ఒక్కదాని రెక్కల మీద నడుస్తున్నది ఇల్లు,” అంది. “ఆ రేడియో పొయ్యిల పెడత అంటే ఏమన్నడో ఎరుకనా? నా చెలకల ఉన్నదాంట్ల ఇదొక్కటే మిగిలింది, పెట్టు అన్నడు. ఎట్ల పెడ్త?”

నాకు కోపం వచ్చింది. ఆమె మీద కాదు, ఎదురుగా బానెట్ మీద మోచెయ్యి ఆనించి దర్జాగా వింటున్న ఆ మొండి ముండాకొడుకు మీద. పెళ్ళాం కాళ్ళు వాచిపోతుంటే ఈయనకు పౌరుషం. రాములమ్మకు టీ తెప్పించి ఇచ్చాను. ఆమె తాగి, రోడ్డు దాటి, సద్ది గిన్నె ఆయన ముందు బానెట్ మీద పెట్టి పోయింది.

ఆ తర్వాత వచ్చింది ఆ ఆదివారం. సిరీస్‌లో చివరి మ్యాచ్. ఆట ఎక్కడో పరాయి దేశంలో, మనకు పొద్దుగూకే వేళకు అయిపోయేది. చెరో రెండు గెలిచి ఉన్నారు. స్టాండులో ఎవడూ కిరాయికి పోలేదు. ముందున్నవాడు కూడా ప్యాసింజర్ వస్తే కారులో ఏసీ పని చెయ్యదని అబద్ధం చెప్పి పంపేశాడు. నా కౌంటర్ కనబడటం లేదు, అన్నీ వీపులే. అవతల ఐలయ్య, బానెట్, రేడియో. ఆ రోజు ముందు నుంచీ రేడియో వినబడకుండా వీళ్ళు ఒకటే అరుస్తున్నారు.

చివరి ఓవర్ మొదలైంది. మనవాళ్ళు గెలవాలంటే పన్నెండు కావాలి. సరిగ్గా అప్పుడు ఫోన్‌లో బొమ్మ ఆగిపోయింది. బౌలర్ చెయ్యెత్తి అలాగే నిలబడ్డాడు, మధ్యలో సున్నా తిరుగుతోంది. నా వైఫై పోయింది. వైరు నేనే పీకానని ఇప్పటికీ కొందరికి అనుమానం. నేను పీకలేదు. పీకాలని చాలాసార్లు అనిపించిన మాట నిజం. వాళ్ళవాళ్ళ ఫోన్లు తీసి నొక్కారు, అందులోనూ సున్నానే. గల్లీ అంతా అదే మ్యాచ్ చూస్తుంటే నెట్ ఎక్కడి నుంచి వస్తుంది? ఇళ్ళకు ఫోన్ చేసినవాళ్ళకు సినిమా చూస్తున్నామని జవాబు వచ్చింది.

అప్పుడు ఒక్కొక్కడూ నోరు మూశాడు. ఎవరూ ఎవరికీ చెప్పలేదు, కానీ అందరూ చెవులు రోడ్డు అవతలికి పెట్టారు. ఇన్నాళ్ళూ తిట్టిన ఆ గరగర కోసం స్టాండు మొత్తం ఊపిరి బిగబట్టింది. ఊరికే వినడానికి.

ఐలయ్య తలెత్తి చూశాడు. తన వైపు తిరిగిన మొహాలన్నీ చూశాడు. కారు తలుపు తీసి, డ్యాష్‌బోర్డు అర తెరిచి, విమానంలో ఇచ్చే ఇయర్‌ఫోన్ ఒకటి ప్లాస్టిక్ కవరు చింపి తీశాడు. రేడియోకు పక్కనున్న కంతలో గుచ్చి రెండు చెవుల్లోనూ పెట్టుకున్నాడు.

రేడియో గొంతు టక్కున ఆగిపోయింది. లక్ష్మణ్ నోట్లోంచి ఒక బూతు వచ్చింది.

ఇక అందరూ ఆయన చేతిని చూశారు. బానెట్ మీద పడుతుందా? తువ్వాల మీదికి పోతుందా? ఐలయ్య రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని బానెట్‌కు ఆని కూర్చున్నాడు. కళ్ళు ఎక్కడో ఎయిర్‌పోర్టు వైపు. మొహంలో గీత కదల్లేదు. ఒక విమానం దిగింది, దాన్ని కూడా తిట్టలేదు. పోయి అడుగన్నా అని మల్లేశ్వర్‌ను వెనక నుంచి నెట్టడం మొదలుపెట్టారు. నేనెందుకు పోవాలి అన్నాడు. కానీ ఆ మనిషికి తెలిసి తనకు తెలియకపోవడం ఆయనకు సహించలేదు. రోడ్డు దాటాడు. వెనకే అందరూ దాటారు. నేను కూడా మెట్లు దిగాను, అబద్ధం ఎందుకు?

ఏమైంది ఐలన్నా అని మల్లేశ్వర్ అడిగాడు. ఐలయ్య వినబడనట్టు కూర్చున్నాడు. రెండోసారి అడిగితే ఒక చెవిలోది తీశాడు.

“నా నంబరెంత?”

“ముందు మ్యాచ్ ముచ్చట చెప్పు.”

“నంబరు.”

మల్లేశ్వర్ వెనక్కి చూశాడు. పదిమందీ ఇచ్చెయ్యమన్నట్టు చూస్తున్నారు. లక్ష్మణ్ అయితే చేతులు జోడించాడు.

“తోకల తెచ్చి పెట్టుకో. అందరి ముందట అంటున్న గద,” అన్నాడు మల్లేశ్వర్.

“రేడియో?”

“రేడియో గూడ.”

ఐలయ్య మళ్ళీ చెవిలో పెట్టుకుని కారెక్కాడు. తాళం తిప్పితే కారు దగ్గింది, మళ్ళీ దగ్గి ఊరుకుంది. అన్నాళ్ళు కదలని బ్యాటరీ ఎందుకు మాట వింటుంది? ఆయన దిగలేదు. స్టీరింగ్ పట్టుకుని ఎదురు చూశాడు. చివరికి పదిమందీ కలిసి తోశారు. పక్కన మల్లేశ్వర్ రోడ్డు మీద వచ్చే బండ్లను ఆపుతుంటే, లోపల ఐలయ్య చెవుల్లో వైర్లతో, ఒళ్ళో రేడియోతో బారాత్‌లో పెళ్ళికొడుకులా కూర్చున్నాడు. కారు వచ్చి మళ్ళీ నా మెట్లకు అడ్డంగా, ఇంతకు ముందుకంటే ఇంకో అర అడుగు దగ్గరగా ఆగింది.

చేతి బ్రేకు లాగాడు. అద్దాలు ఎత్తాడు. దిగి తలుపుకు తాళం వేశాడు. అందరూ చుట్టూ నిలబడి చూస్తున్నారు. అప్పుడు చెవుల్లోంచి వైర్లు తీసి చుట్టి జేబులో పెట్టుకుని, భుజం మీది తువ్వాల తీసి గట్టిగా దులిపాడు. నెల రోజుల దుమ్ము లేచింది.

మ్యాచ్ ఎప్పుడు పోయిందని మల్లేశ్వర్ గొంతు తగ్గించి అడిగాడు.

“నువ్వు రోడ్డు దాటకముందే అయిపోయింది,” అన్నాడు ఐలయ్య.

తువ్వాల భుజం మీద వేసుకుని, రాములమ్మ పని దిగే వేళైందని హోటల్ వైపు నడిచాడు. కారు తోసినవాళ్ళు చెమట తుడుచుకుంటూ ఒక్కొక్కరే జారుకున్నారు. లైన్‌లో ముందున్నవాడికి ఏసీ ఉన్నట్టుండి పని చెయ్యడం మొదలుపెట్టింది, కిరాయికి పోయాడు.

అప్పుడే నా వైఫై తిరిగొచ్చింది. కౌంటర్ మీది ఫోన్‌లో మ్యాచ్ ఆగిన చోటి నుంచే కదిలింది. చెయ్యెత్తిన బౌలర్ బంతి వేశాడు. మనవాళ్ళు ఇంకా ఓడిపోలేదు, ఇంకా పన్నెండు కావాలి, జనం జెండాలు ఊపుతున్నారు. షాపు మూసుకుంటానని చెప్పాను. మల్లేశ్వర్ వినిపించుకోలేదు. కౌంటర్ మీదికి వంగి, ఒక్కడే, ఆ ఓవర్ మొత్తం చివరి బంతి దాకా చూశాడు. చందా కట్టిన మ్యాచ్ కదా.